గుగ్గిలంలో చిక్కిన నుసుము

కోనసీమ కొబ్బరి తోటల్లో చెట్ల మొదళ్లకు కట్టిన పసుపు అట్టలు ఇప్పుడు ఎవరికీ వింత కాదు. అట్టకు ఆముదమో గ్రీజో పూసి కడతారు. 2016లో తమిళనాడులోని పొల్లాచ్చి ప్రాంతంలో మన దేశంలో మొదటిసారి కనిపించిన సర్పిలాకార తెల్లదోమ ఎంతో కాలం పట్టకుండానే గోదావరి జిల్లాల తోటలకు చేరింది. ఆకు అడుగున చుట్టలు చుట్టలుగా గుడ్లు పెడుతుంది. రసం పీల్చి, కింది ఆకుల మీద తియ్యటి జిగురు కారుస్తుంది. ఆ జిగురు మీద మసిలాంటి బూజు పట్టి తోటంతా నల్లబడుతుంది. అంబాజీపేట ఉద్యాన పరిశోధన స్థానం దీని మీదికి మిత్రపురుగుల్ని, శిలీంధ్రాన్ని పెంచి రైతులకు ఇస్తోంది. పసుపు అట్ట మాత్రం ఎవరికి వారు కట్టుకోగలిగిన మందు. పసుపు రంగు కనిపిస్తే తెల్లదోమ ఆగలేదు, వచ్చి వాలుతుంది, అతుక్కుంటుంది.

నాలుగు రోజులు పోయాక ఆ అట్టను విప్పి భూతద్దం పెట్టి చూస్తే తెల్లదోమ ఒక్కటే కనిపించదు. రెక్కలు విప్పుకుని అంటుకుపోయిన నుసుములు ఉంటాయి. మొదలు వెంట పైకీ కిందికీ తిరుగుతూ దారి తప్పిన చీమలు, ఆవగింజలో సగం లేని కందిరీగలు, ఒక కాలు వదిలేసి బయటపడ్డ సాలీడు గుర్తు, చిమట రెక్క ముక్క ఉంటాయి. లేనివాటినీ చూడాలి. తూనీగ ఉండదు. కొమ్ముపురుగు ఉండదు, దాని బలానికి ఆ జిగురు ఒక లెక్క కాదు. అంటే ఆ అట్ట తోటలోని పురుగులన్నిటి జనాభా లెక్క కాదు. మొదలు చుట్టూ తిరిగే చిన్నప్రాణుల్లో పెనుగులాడి బయటపడలేనివాటి లెక్క.

పాత కాలపు పురుగుల గురించి మనకు తెలిసిన దాంట్లో పెద్ద భాగం ఇలాంటి లెక్క నుంచే వచ్చింది. అట్ట బదులు చెట్టు, గ్రీజు బదులు చెట్టు కార్చిన రెసిన్. 2018లో ప్రకటించిన ఒక అధ్యయనంలో శాస్త్రవేత్తల బృందం మడగాస్కర్ అడవుల్లో రెసిన్ కార్చే చెట్ల దగ్గరే పసుపు జిగురు అట్టలు, ఇతర వలలు పెట్టి, దేంట్లో ఏ పురుగులు చిక్కాయో పోల్చి చూసింది. రెసిన్‌లో చిక్కినవి అడవి మొత్తానికి ప్రతినిధులు కావని, ప్రధానంగా చెట్టు మానును ఆశ్రయించి బతికేవని, ఆ పంట జిగురు అట్టల పంటకు దగ్గరగా ఉందని తేలింది. రాయిలా గట్టిపడిన పాత రెసిన్‌ను ఆంబర్ అంటారు. అందులో దొరికిన పురుగుల్ని చూసి ఆనాటి అడవి ఇదీ అని తీర్పు చెప్పేవారు ముందుగా గుర్తుంచుకోవలసిన సంగతి ఇది.

తెల్లదోమ కూడా ఈ లెక్కలో పాతకాపే. లెబనాన్ కొండల్లో దొరికే ఆంబర్ వయసు 12 కోట్ల ఏళ్ల పైమాట. అందులో తెల్లదోమలున్నాయి. కొబ్బరి చెట్టు ఎరుగని కాలంలోనే, డైనోసార్లు తిరుగుతున్న నేల మీద, తెల్లదోమ ఏదో ఒక ఆకు రసం పీలుస్తూనే ఉంది.

కారే రసమంతా ఆంబర్ అయిపోదు. కోనసీమ పెరట్లలో మునగ చెట్టు బంక కారుస్తుంది, తుమ్మ కారుస్తుంది, వేప కారుస్తుంది. ఆ బంకలోనూ చీమలు చిక్కుతాయి. కానీ అది చక్కెర జాతి పదార్థాలతో తయారైనది, నీళ్లు తగిలితే ఉబ్బి కరిగిపోతుంది. తొలకరి రెండు జల్లులు పడితే బంకా ఉండదు, చీమా ఉండదు. రెసిన్ స్వభావం వేరు. అందులో టెర్పీన్లనే నూనె జాతి పదార్థాలుంటాయి. నీటికి లొంగదు, నిప్పుకు లొంగుతుంది. పూజలో నిప్పుల మీద వేసే గుగ్గిలం ఆ రకమే. నూనెలో కాచి పడవ చెక్కల సందుల్లో పూసినదీ ఆ రకమే. నీటిని ఆపగలిగింది కాబట్టే అది పడవకు పనికొచ్చింది. అందుకే కోట్ల ఏళ్లపాటు మట్టిలో నిలవడానికీ పనికొచ్చింది.

చెట్టు దీన్ని పురుగుల కోసం దాచిపెట్టదు. బెరడు చీలినా, పురుగు తొలిచినా గాయం మూయడానికి కారుస్తుంది. ఆ వాసనకు వచ్చినవి కొన్ని, గాలికి కొట్టుకొచ్చినవి కొన్ని దాని మీద వాలతాయి. కాళ్లు అంటుకుంటాయి. విడిపించుకోబోతే రెక్క అంటుకుంటుంది. ఈలోగా పైనుంచి ఇంకో ధార కారి మీద పడుతుంది. అంతే, గాలి అందదు. రెసిన్‌లోని పదార్థాలు పురుగు ఒంట్లోని తడిని లాగేస్తాయి, కుళ్లబెట్టే సూక్ష్మజీవుల్ని అడ్డుకుంటాయి. ఒక్కోసారి చివరి పెనుగులాటలో కదిలిన రెక్క చుట్టూ సుడి తిరిగిన గీతలు కూడా అలాగే నిలిచిపోతాయి. జతకడుతుండగా చిక్కిన ఈగలు, ఎరతో సహా చిక్కిన సాలీళ్లు దొరికాయి. బయటికి ఇంత నిండుగా కనిపించినా చాలా పురుగుల లోపల ఖాళీ. చర్మపు గుల్ల, దాని ముద్ర మిగులుతాయి. కొన్నిటిలో మాత్రం కండరాల పోగులు కూడా నిలిచాయి. 1982లో జార్జ్ పాయినార్, రొబెర్టా హెస్ బాల్టిక్ ఆంబర్‌లోని ఒక ఈగను ఎలక్ట్రాన్ మైక్రోస్కోపు కింద పెట్టి కణాల లోపలి నిర్మాణాన్ని చూపించారు.

ఇంతవరకూ జరిగింది సగం పనే. గట్టిపడిన రెసిన్ ఎండలో, గాలిలో ఉండిపోతే పగిలి పొడైపోతుంది. అది త్వరగా మట్టి కింద పడాలి, ఆ మట్టిలో ప్రాణవాయువు ఉండకూడదు. తీరపు మడుగులు, నదీముఖాలు, బురద నేలలు అందుకు అనువైన చోట్లు. అక్కడే చెట్లు పడి, మగ్గి లిగ్నైట్ బొగ్గు అవుతాయి. ఆంబర్ ఎక్కువగా లిగ్నైట్ పక్కనే దొరకడానికి కారణం ఇదే. మట్టి కింద రెసిన్‌లోని తేలికైన నూనెలు మెల్లగా పోతాయి, మిగిలిన అణువులు ఒకదానితో ఒకటి ముడిపడతాయి. సగం ముడిపడిన దశలో దాన్ని కోపాల్ అంటారు. లక్షల ఏళ్లు గడిచి పూర్తిగా ముడిపడితే ఆంబర్, మన పాత పుస్తకాల్లోని తృణమణి.

నదీముఖం, బురద నేల, తీరపు మడుగు అంటే కోనసీమే కదా అనిపిస్తుంది. మరి ఇక్కడ బావి తవ్వితే ఆంబర్ ఎందుకు పడదు?

ఈ నేల మరీ పిన్నది. గౌతమికీ వసిష్ఠకూ నడుమ ఇవాళ అమలాపురం, రాజోలు, కొత్తపేట ఉన్న ఒండ్రునేలను గోదావరి కట్టుకొచ్చింది గత ఆరేడు వేల ఏళ్లలోనే. సముద్రం వెనక్కి జరిగినప్పుడల్లా వదిలిన ఇసుక దిబ్బల వరసలు ఉపగ్రహ చిత్రాల్లో తీరానికి సమాంతరంగా ఇప్పటికీ కనిపిస్తాయి. ఆంబర్‌కు వేల ఏళ్లు ఏ మూలకూ చాలవు.

కిందికి వెళ్తే కథ మారుతుంది. చమురు, గ్యాసు కోసం కృష్ణా గోదావరి బేసిన్‌లో బావులు తవ్విన భూగర్భ శాస్త్రవేత్తలు తమకు తగిలిన రాతి పొరలకు ఈ ఊళ్ల పేర్లే పెట్టారు. రాజోలు పొర అంటే నల్లటి లావా రాయి. దక్కను పీఠభూమి మీద సుమారు 6 కోట్ల 60 లక్షల ఏళ్ల కిందట పొంగిన లావా, పడమటి కనుమల వైపు నుంచి పాత నదీలోయల వెంట దాదాపు వెయ్యి కిలోమీటర్లు పారి ఇక్కడిదాకా వచ్చిందని శాస్త్రవేత్తల అంచనా. భూమ్మీద తెలిసిన అతి పొడవైన లావా ప్రవాహాల్లో దీన్ని లెక్కిస్తారు. రాజమండ్రి పక్కన కాతేరు దగ్గర బయటికి కనిపించే ఆ రాయే రాజోలు కింద కిలోమీటరుకు పైగా లోతున పడుకుని ఉంది. దానిపైన పాలకొల్లు పొర. ఆ పైన పాశర్లపూడి పొర. 1995 జనవరి 8న పాశర్లపూడి 19వ నంబరు బావి పేలి 65 రోజులు మండినప్పుడు దేశమంతా ఆ ఊరి పేరు వింది. భూగర్భ శాస్త్రంలో మాత్రం ఆ పేరు ఇయోసీన్ యుగపు తొలి, నడిమి భాగాల్లో, అంటే ఐదు కోట్ల ఏళ్లకు అటూ ఇటూ, అప్పటి తీరపు నిస్సార సముద్రంలో పేరుకున్న ఇసుకరాయికి, బంకరాయికి, సున్నపురాయికి గుర్తు.

ఆ పొరలో పురుగు ఉన్నా మన చేతికి రాదు. బావి తవ్వే బిట్టు రాతిని నూరి పైకి పంపుతుంది. ఆ నూకలో పుప్పొడి రేణువులు, సూది మొనంత సముద్రజీవుల గుల్లలు దొరుకుతాయి. పొరల వయసు కట్టేది వాటితోనే. నుసుము రెక్క ఆ నూరుడుకు నిలవదు. పాశర్లపూడి పొర పేరుకుంటున్న రోజుల్లో మన ఉపఖండపు అడవుల్లో ఏ పురుగులు ఎగిరాయో తెలుసుకోవాలంటే అదే వయసు పొర నేలకు దగ్గరగా ఉన్న చోటికి పోవాలి. అలాంటి చోటు గుజరాత్‌లో ఉంది.

సూరత్ జిల్లాలో వస్తాన్, తడ్కేశ్వర్ లిగ్నైట్ గనులున్నాయి. నేలను గోతులుగా తవ్వి తీసే ఆ గోధుమరంగు బొగ్గు పక్కనే ఉన్న నాని నరోలి విద్యుత్ కేంద్రానికి పోతుంది. బొగ్గు పొరల మధ్య బంకమట్టిలో పసుపు, తేనె రంగు గుళ్లు పడి ఉంటాయి. గని పనివాళ్లకు అవి అడ్డు, శాస్త్రవేత్తలకు అవే పని. లక్నోలోని బీర్బల్ సహాని పురావృక్షశాస్త్ర సంస్థకు చెందిన హుకం సింగ్, జర్మనీలో బాన్ విశ్వవిద్యాలయానికి చెందిన యెస్ రుస్ట్, న్యూయార్క్‌లోని అమెరికన్ మ్యూజియం ఆఫ్ నేచురల్ హిస్టరీకి చెందిన డేవిడ్ గ్రిమాల్డి, ఇంకొందరు కలిసి అక్కడ సుమారు 150 కిలోల ఆంబర్ ఏరారు. అందులో 700కు పైగా పురుగులు, సాలీళ్లు, వాటి బంధువులు బయటపడ్డాయి. 14 క్రమాలు, 55 కుటుంబాలు. 2010లో వీళ్లు ఆ ఫలితాలు ప్రకటించారు. అప్పట్లో ఆ ఆంబర్ వయసును 5 కోట్ల ఏళ్ల నుంచి 5 కోట్ల 20 లక్షల ఏళ్ల దాకా కట్టారు. తర్వాత పొరల పరిశీలనలో ఇంకొంచెం పాతదనే అభిప్రాయం బలపడింది. దీన్ని ఖంభాత్ పేరు మీద కాంబే ఆంబర్ అంటారు.

ఈ రెసిన్ కార్చిన చెట్టు ఏదో రసాయన పరీక్షలో తేలింది. డిప్టెరోకార్ప్ కుటుంబపు చెట్టు. ఉత్తరాంధ్ర కొండల్లోని సాల్, తిరుమల శేషాచలం కొండల్లో కనిపించే నల్ల గుగ్గిలం చెట్టు ఆ కుటుంబానివే. ఆగ్నేయాసియా వానల అడవుల్లో ఆకాశాన్నంటే చెట్లలో ఎక్కువ భాగం కూడా ఈ కుటుంబానివే. ఆ రకం అడవి ఆసియాలో ఎప్పటిదని వాదించుకుంటున్నవాళ్లకు గుజరాత్ గని ఒక దెబ్బకు ఐదు కోట్ల ఏళ్లు దాటిన సాక్ష్యం చూపించింది. ఈ చెట్ల కుటుంబాన్ని దక్షిణ ఖండాల నుంచి మోసుకొచ్చి ఆసియాకు అందించింది భారత భూఖండమేనని ఇప్పుడు చాలామంది భావిస్తున్నారు.

అయితే అసలు సంచలనం చెట్టు వల్ల కాదు, పురుగుల వల్ల. అప్పటిదాకా పాఠ్యపుస్తకాల్లోని కథ ఇలా సాగేది: సుమారు 8 కోట్ల 80 లక్షల ఏళ్ల కిందట భారత భూఖండం మడగాస్కర్ నుంచి విడిపోయింది. ఒంటరిగా ఉత్తరానికి ప్రయాణించింది, ఒక దశలో ఏడాదికి 15 సెంటీమీటర్లకు పైగా జరిగింది. ఐదు కోట్ల ఏళ్ల కిందట ఆసియాను ఢీకొంది. అన్ని కోట్ల ఏళ్లు సముద్రం నడుమ ఒంటరిగా ఉన్న నేల మీద ఇంకెక్కడా లేని జీవజాతులు పుట్టి ఉండాలి కదా? ఇవాళ మడగాస్కర్ చూడండి, ఆస్ట్రేలియా చూడండి. కాంబే ఆంబర్‌లోనూ అలాంటి వింత పురుగులే దొరుకుతాయని అందరూ ఎదురుచూశారు.

దొరికినవి వేరు. ఈ పురుగుల్లో చాలావాటికి దగ్గరి చుట్టాలు ఆఫ్రికాలోనో మడగాస్కర్‌లోనో లేరు. ఉత్తర యూరప్ బాల్టిక్ ఆంబర్‌లో ఉన్నారు, ఆసియాలో ఉన్నారు, కొందరైతే మధ్య అమెరికాలో తేలారు. సంఘాలుగా బతికే తేనెటీగలు, చెదలు, ఇప్పటి ఉపకుటుంబాలకే చెందిన చీమలు అందులో ఉన్నాయి. 2017లో కుట్టే నుసుముల్ని మాత్రమే విడిగా పరిశీలించిన మరో అధ్యయనం కూడా అదే మాట చెప్పింది: ఆ కాలపు ఉపఖండం మిగతా ప్రపంచానికి తలుపులు మూసుకుని లేదు. భారతదేశానికీ ఆసియాకూ నడుమ అగ్నిపర్వతాల దీవుల వరస ఉండి ఉంటుందని, దాని మీదుగా దీవి నుంచి దీవికి గాలివాటున పురుగులు దాటి ఉంటాయని ఒక వివరణ. పటాల మీద గీసిన సముద్రాన్ని మిల్లీమీటరు నుసుము లెక్కచేయలేదన్నమాట. ఖండాల చరిత్ర రాయడానికి ఏనుగు ఎముకే కావాలనుకునేవారికి ఇది మంచి మొట్టికాయ.

కాంబే ఆంబర్‌కు ఇంకో సుగుణం ఉంది, అది నిజానికి దాని లోపం. బాల్టిక్ ఆంబర్‌లా అణువులు బిగుతుగా ముడిపడలేదు. నగలు చేసేవాడు దాన్ని పక్కన పెడతాడు. కానీ ముడి సడలుగా ఉండటం వల్ల టోలీన్, క్లోరోఫాం లాంటి ద్రావకాల్లో కరుగుతుంది. ఇతర ఆంబర్లలో పురుగును గాజు వెనక నుంచి చూసినట్టు చూడాలి, నీడ పడ్డ భాగం, బుడగ అడ్డొచ్చిన భాగం తెలియదు. ఇక్కడ రెసిన్‌ను ఓపిగ్గా కరిగించి ఐదు కోట్ల ఏళ్ల నాటి నుసుమును పూర్తిగా బయటికి తీసి, గాజు పలక మీద పెట్టి, కాలి మీది వెంట్రుకలు లెక్కపెట్టవచ్చు. పెట్టారు కూడా.

ఆంబర్ పేరెత్తితే బర్మాను దాటి పోలేం. గోదావరి మనుషులకైతే అసలే పోలేం. కోనసీమకు ఉత్తరపు అంచున, గౌతమి సముద్రంలో కలిసే చోట ఉన్న కోరంగి రేవు పేరు మీదే బర్మాలో తెలుగువాళ్లను కోరంగీలు అన్నారు. కాకినాడ నుంచి స్టీమర్లలో వేలమంది రంగూన్ వెళ్లి రేవుల్లో, బియ్యం మిల్లుల్లో చెమటోడ్చారు. వాళ్లు పనిచేసిన చోటికి ఎంతో ఉత్తరాన, కచిన్ కొండల్లోని హుకాంగ్ లోయలో ఆంబర్ గోతులున్నాయి. 1937 దాకా బర్మా బ్రిటిష్ ఇండియాలో భాగమే కాబట్టి ఆ గోతుల్ని 1890లలో పరిశీలించి రాసింది మన భారత భూగర్భ సర్వే ఉద్యోగి ఫ్రిట్జ్ నోట్లింగ్. తర్వాత మాండలేలో ఉండే స్విన్‌హో అనే ఆయన పంపిన ముక్కల్లోని పురుగుల్ని అమెరికాలో కాకరెల్ 1916 నుంచి వర్ణిస్తూ పోయాడు. ఆంబర్ దొరికిన పొర మరీ పాతది కాదని అప్పట్లో అనుకునేవారు. కాకరెల్‌కు మాత్రం పురుగుల వాలకం చూస్తే అవి క్రెటేషస్ కాలం నాటివన్న అనుమానం కలిగింది. పురుగు చెప్పిందే నిజమైంది. 2012లో అక్కడి బూడిద రాతిలోని జిర్కాన్ స్ఫటికాలతో వయసు కడితే సుమారు 9 కోట్ల 88 లక్షల ఏళ్లని వచ్చింది. డైనోసార్ల కాలం.

ఇప్పటికి బర్మా ఆంబర్ నుంచి వర్ణించిన జాతులు రెండు వేలు దాటాయి. 2016లో ప్రకటించిన ఒక ముక్కలో ఈకలతో ఉన్న చిన్న డైనోసార్ తోక ముక్కే ఉంది, పక్కన చీమ కూడా. దాన్ని చైనా శాస్త్రవేత్త లిడా షింగ్ ఏ గనిలోనూ ఏరలేదు, మిచ్చీనా ఊరి బజారులో చూశాడు. అసలు చిక్కు అక్కడే ఉంది. కచిన్‌లో సైన్యానికీ స్థానిక సాయుధ దళాలకూ పోరు నడుస్తోంది. 2017లో సైన్యం ఆ గనుల ప్రాంతాన్ని పట్టుకుంది. మనిషి పట్టీ పట్టనంత ఇరుకైన గోతుల్లో దిగి తవ్విన ముక్కలు చేతులు మారి మారి బజారుకు వస్తాయి, ఆ డబ్బు ఎవరి తుపాకీకి పోయిందో చెప్పేవారుండరు. 2020లో అమెరికాలోని వెన్నెముక జీవుల పురాశాస్త్ర సంఘం ఈ ఆంబర్ మీద వచ్చే పరిశోధనల్ని ఆపమని పత్రికల సంపాదకులను కోరింది. కొందరు ఒప్పుకున్నారు, కొందరు శాస్త్రం ఆగకూడదన్నారు. గోతిలో దిగిన కూలీ మాట మాత్రం ఆ వాదనలో వినిపించింది తక్కువ.

బజారు ఉన్నచోట మోసం ఉంటుంది. లండన్ నేచురల్ హిస్టరీ మ్యూజియంకు 1922లో ఒక పాత సేకరణతో పాటు బాల్టిక్ ఆంబర్‌లోని ఈగ ఒకటి వచ్చింది. 1966లో విల్లి హెన్నిగ్ లాంటి మహాపండితుడు దాన్ని పరిశీలించి, మరుగుదొడ్ల దగ్గర ముసిరే ఇప్పటి ఈగకూ దీనికీ తేడా లేదని, కోట్ల ఏళ్లుగా మారని జాతి అని రాశాడు. 1993లో ఆండ్రూ రాస్ అనే పరిశోధకుడు ముక్కను దీపం కింద పెట్టి చూస్తుంటే, ఆ వేడికి ఈగ చుట్టూ ఒక పగులు తేలింది. ఎవరో ఆంబర్‌ను రెండుగా కోసి, లోపల గుంట తీసి, మామూలు ఈగను పెట్టి మళ్లీ అతికించారు. పరిణామమే లేని ఈగ అలా మరుగుదొడ్డికి తిరిగి వెళ్లింది. నేడు ఆన్‌లైన్‌లో తేళ్లు, సీతాకోకచిలుకలు నిండుగా కనిపించే ‘ఆంబర్’ లాకెట్లు చాలామటుకు ప్లాస్టిక్కే. ఉప్పు బాగా కలిపిన నీళ్లలో నిజమైన ఆంబర్ తేలుతుంది, చాలా రకాల ప్లాస్టిక్కులు, గాజు మునుగుతాయి. కోపాల్ కూడా తేలుతుంది కాబట్టి ఈ పరీక్షతో పూర్తి నమ్మకం కుదరదు, సగం మోసమన్నా బయటపడుతుంది.

ఆంబర్ పురుగుల్ని ప్రపంచానికి పరిచయం చేసింది పరిశోధన పత్రాలు కాదు, సినిమా. డైనోసార్ రక్తం తాగిన దోమ ఆంబర్‌లో చిక్కితే దాని కడుపులోంచి డైనోసార్ డీఎన్ఏ తీయవచ్చన్న ఊహ జురాసిక్ పార్క్‌కు మూలం. ఆ సినిమా 1993 జూన్‌లో విడుదలైంది. సరిగ్గా అదే వారంలో నేచర్ పత్రికలో రౌల్ కానో బృందం లెబనాన్ ఆంబర్‌లోని ముక్కుపురుగు నుంచి 12 కోట్ల ఏళ్లు దాటిన డీఎన్ఏ తీశామని ప్రకటించింది. ఇంతకన్నా మంచి ప్రచారం ఏ నిర్మాతకూ దక్కి ఉండదు. కానీ తర్వాత వేరేవారు ఆ పని చేయబోతే రాలేదు. 1997లో లండన్ నేచురల్ హిస్టరీ మ్యూజియం పరిశోధకులు ఎంత ప్రయత్నించినా ప్రాచీన డీఎన్ఏ దొరకలేదు. ముందు దొరికిందనుకున్నది ప్రయోగశాల గాలిలోంచో, మనిషి చేతిలోంచో వచ్చిన కల్తీ. 2012లో న్యూజిలాండ్ మోవా పక్షుల ఎముకల మీద చేసిన లెక్కలో డీఎన్ఏ పోగులు 521 ఏళ్లకు సగం తెగిపోతాయని వచ్చింది. అది చల్లని నేలలోని ఎముకల సంగతి. కోట్ల ఏళ్లకు ఏం మిగులుతుందో పిల్లలు కూడా లెక్క వేయగలరు. ఆంబర్ రూపాన్ని దాస్తుంది, వంశపత్రాన్ని దాచదు.

తెలుగు నేల పురుగుల సంగతికి వద్దాం. మనకు రెసిన్ సాక్ష్యం లేదు, మట్టి సాక్ష్యం ఉంది. అది గోదావరి ఎగువన ఉంది. ప్రాణహిత గోదావరిలో కలిసే కాళేశ్వరానికి కొంచెం పైన, మహారాష్ట్ర ఒడ్డున సిరోంచ దగ్గర కోట అనే ఊరు ఉంది. ఆ ఊరి పేరు మీద కోట పొరలు అంటారు. ఇవి నది దాటి తెలంగాణలోకి, పాత ఆదిలాబాద్ జిల్లాలోకి సాగాయి. జురాసిక్ కాలపు సరస్సుల్లో అడుగున పేరుకున్న సున్నపు బురద ఇవాళ పలకలు పలకలుగా విడిపోయే రాయి. 19వ శతాబ్దం నుంచే ఆ పలకల్లో పొలుసు చేపలు దొరికాయి. సుత్తితో రాతి అంచున కొట్టి రెండు పలకలుగా విడదీస్తే ఒకదాని మీద చేప, ఇంకోదాని మీద దాని ముద్ర. వాటి పక్కనే పెంకుపురుగుల రెక్కలు, బొద్దింకల రెక్కలు. 1959లో రావు, షా అనే భారత భూగర్భ సర్వే శాస్త్రవేత్తలు వీటిని ప్రకటించారు.

ఆంబర్ పురుగుకూ పలక పురుగుకూ తేడా పెద్దది. పలకలోది నలిగి చదునైపోయింది. కళ్లు, కాలి వెంట్రుకలు అడగకూడదు. కానీ రెక్క ఈనెలు అచ్చుగుద్దినట్టు ఉంటాయి, ఏ పురుగు ఏ కుటుంబానిదో తేల్చడానికి చాలాసార్లు ఈనెలే చాలు. పెంకుపురుగుల పై రెక్క గట్టిది కాబట్టి ఒళ్లు పోయినా అది మిగులుతుంది. నీటి మీద పడి మునిగిన ఏ పురుగైనా సరస్సు అడుగుకు చేరుతుంది, బలమైనదా బలహీనమైనదా అన్న వివక్ష అక్కడ తక్కువ. అందుకే జిగురుకు చిక్కని పెద్దవాటి ఆచూకీ కోసం రాతి పలకలే వెతకాలి.

కోటకు ఉత్తరాన నాగపూర్ దగ్గర కూడా ఇలాంటి పనే జరిగింది. స్కాట్లండ్ నుంచి వచ్చిన మిషనరీ స్టీఫెన్ హిస్లాప్, సహచరుడు హంటర్‌తో కలిసి తాక్లీ దగ్గర లావా పొరల మధ్య ఇరుక్కున్న సరస్సు మట్టిలో పెంకుపురుగుల్ని ఏరాడు. వాటిని ఆండ్రూ మరే 1860లో వర్ణించాడు. తాక్లీ దగ్గరి ఆ లావా, రాజోలు కింద పడుకున్న లావా రెండూ దక్కను లావాయే.

ఈ కోట పొరల్లోనే దొరికిన ఒక చిన్న క్షీరదం దంతానికి 1981లో పి.ఎం. దత్తా కోటాథీరియం హాల్డేనీ అని పేరు పెట్టాడు. జీవశాస్త్రవేత్త జె.బి.ఎస్. హాల్డేన్ గౌరవార్థం అన్నమాట. ఆయన 1957లో మన దేశానికి వచ్చి ఇక్కడే స్థిరపడి, 1964లో భువనేశ్వర్‌లో పోయారు. సృష్టిని చూస్తే సృష్టికర్త గురించి ఏం తెలుస్తుందని ఎవరో అడిగితే, సృష్టికర్తకు పెంకుపురుగులంటే మహా మక్కువని తెలుస్తుందని హాల్డేన్ అన్నారని ఒక కథ చెప్పుకుంటారు. ఆయన పేరున్న క్షీరదం దంతమూ పెంకుపురుగుల రెక్కలూ ఒకే పొరలో దొరకడం కాకతాళీయమే గానీ, ఆయనకు తెలిస్తే సంతోషించేవారు.

డైనోసార్లకు వచ్చిన పేరులో పదో వంతు కూడా ఈ రెక్కలకు రాలేదు. యామన్‌పల్లి దగ్గర ఇవే పొరల్లో దొరికిన ఎముకలకు 1988లో పి. యాదగిరి కోటాసారస్ యామన్‌పల్లియెన్సిస్ అని పేరు పెట్టారు. పేర్చి నిలబెట్టిన ఆ అస్థిపంజరం హైదరాబాద్ బి.ఎం. బిర్లా సైన్స్ సెంటర్‌లో ఉంది. సెలవుల్లో పిల్లల్ని అక్కడికి తీసుకెళ్లే తల్లిదండ్రులు దాని మెడ కింద నిలబెట్టి ఫొటో తీస్తారు, తీయండి. ఆ జంతువు బతికిన కాలపు సరస్సుల అడుగున బొద్దింక రెక్క కూడా దొరికిందని, అది కూడా మన గోదావరి లోయదేనని పిల్లలకు ఒక మాట చెప్పండి.